గొంతు వినపడని అర నిమిషం

అమ్మ ఇంకా కళ్ళు తెరవలేదు.

నిన్న సాయంత్రం టీవీ కట్టేసిన దగ్గర్నుంచీ అదే వరస. పొద్దున్నే లేచింది, కుట్టుమిషను ముందు కూర్చుంది, ఎవరికో ఇవ్వాల్సిన దిండు గలేబులు కుట్టుకుంటూ పోతోంది. పని చేస్తున్నంతసేపూ కళ్ళు బాగానే ఉన్నాయి. ఎవరైనా మాట్లాడదామని ఎదురుగా వచ్చి నిలబడితే మాత్రం మిషను ఆపి, చేతులు ఒళ్ళో పెట్టుకుని, కళ్ళు మూసుకుంటోంది.

వేరే ఇళ్ళల్లో కోపమొస్తే తలుపులు వేసుకుంటారు. ఈ ఇంట్లో అమ్మ కళ్ళు మూసుకుంటుంది. పెద్ద కూతురికి మూడేళ్ళున్నప్పుడు అమ్మకి విషజ్వరం వచ్చింది. అది పోతూ పోతూ ఆవిడ వినికిడిని కూడా పట్టుకుపోయింది. అప్పట్నుంచీ ఎదుటివాళ్ళ పెదవులే ఆవిడకి చెవులు. ఆ కళ్ళు మూతపడ్డాయంటే ఇంక ఎవరెంత గొంతు చించుకున్నా గోడతో చెప్పుకున్నట్టే.

నాన్నకి కూడా ఒక ఆయుధం ఉండేది. మాటకి మాట చెప్పలేని రోజున లేచి లైటు ఆర్పేసేవాడు. అమ్మ మళ్ళీ లైటు వేసి, అది మోసమని తేల్చి, దెబ్బలాటని మొదటి ముక్క దగ్గర్నుంచీ ఎత్తుకునేది. దాంతో ఆయన ఆ పద్ధతి మానుకున్నాడు. ఇవాళ మిక్సీల దుకాణం కూడా తెరవకుండా, బాగుచేయడానికి తెచ్చుకున్న మోటారొకటి ముందేసుకుని, విప్పిందే విప్పుతూ కూర్చున్నాడు.

వంటింట్లో చెల్లెలు అక్కకి సంగతి చెప్పింది. అమ్మ కోపం నీ మీద కాదు, నీ నోటి మీద, అంది. టీవీలో పేర్లు ఇంకా పూర్తిగా పోకముందే లేచి మీట నొక్కేసిందనీ, రెండేళ్ళలో అలా ఎప్పుడూ చెయ్యలేదనీ చెప్పింది.

పెద్దది తల పట్టుకుంది. చేసిన పొరపాటు అలాంటిలాంటిది కాదు.

ఇంట్లో ఆమె పెద్దది. బయట అందరికీ ఆటలమ్మాయి. బళ్ళో డ్రిల్లు టీచరుగా ఉన్న పిల్ల, రెండేళ్ళ నుంచీ జీతం లేని సెలవు మీద టీవీకి వెళ్ళి, రోజూ సాయంత్రం అరగంట ఆటల కబుర్లు చెప్తోంది. కార్యక్రమం చివర పనిచేసినవాళ్ళ పేర్లు తెర కింద నుంచి పైకి పోతుంటాయి. అప్పుడు మైకు కట్టేసి సంగీతం వేస్తారు. తెర మీద ఆమె, ఆమె పక్కన కూర్చునే ఒకప్పటి గోల్‌కీపరు ఏదో మాట్లాడుకుంటూ కనిపిస్తారు. ఏం మాట్లాడుకుంటున్నారో చూసేవాళ్ళెవరికీ తెలియదు.

అమ్మకి తప్ప.

అది పెద్దదానికి తెలియని సంగతా? ఆ అర నిమిషాన్ని రోజూ వాడుకునేదే. గోల్‌కీపరు వైపు తిరిగి ఎంతో గంభీరంగా, "అమ్మా, ఆకలేస్తోంది, వచ్చేసరికి పొయ్యి మీద ఏదో ఒకటి ఉండాలి" అనేది. తెర మీద మాట్లాడుతున్నట్టు కనపడటానికే ఏదో ఒకటి అంటోందనుకుని ఆయన గడ్డం నిమురుకుంటూ తలాడించేవాడు. రేపటి మ్యాచి గురించి ఇద్దరూ లోతుగా చర్చించుకుంటున్నారని జనం అనుకునేవాళ్ళు. ఇంటి దగ్గర అమ్మ లేచి పొయ్యి వెలిగించేది.

నిన్న మాత్రం ఆమె అమ్మ సంగతి మరిచిపోయింది. కార్యక్రమం ఆపేస్తున్నారనీ, రేపే ఆఖరనీ ప్రొడ్యూసరు చెప్పి గంటన్నా కాలేదు. దాంతోపాటే ఇంకో కబురు కూడా చెప్పాడాయన. మ్యాచిలకి కామెంటరీ చెప్పే పని ఉంది, ఊళ్ళు తిరగాలి, మనిషి కనపడదు, గొంతు మాత్రమే వినిపిస్తుంది, రేపటికల్లా ఔననో కాదనో చెప్పమన్నాడు. పేర్లు పోతుండగా గోల్‌కీపరు ఏం చేస్తావని అడిగాడు. మనసులో ఉన్నది నోట్లోంచి వచ్చేసింది.

"మా అమ్మకి కనపడని కామెంటరీ పని నాకెందుకండీ? బడికే పోతాను."

దేశమంతా ఆ మాట చూసింది. ఒక్క మనిషికే వినపడింది.

పెద్దది వెళ్ళి మిషను పక్కన నేల మీద కూర్చుంది. అమ్మ కళ్ళు మూసుకుంది. అమ్మని పిలవాలంటే ఈ ఇంట్లో నేల మీద మడమతో తడతారు, ఆ అదురు అమ్మ అరికాళ్ళకి తెలుస్తుంది. పెద్దది తట్టింది. మళ్ళీ తట్టింది. అమ్మ కాళ్ళు తీసి మిషను తొక్కుడు మీద పెట్టుకుంది.

ఆ మొండితనానికి నాన్న మోటారులోకి తల దూర్చి నవ్వు దాచుకున్నాడు.

చిన్నప్పుడు చీకట్లో భయమేస్తే పెద్దది ఒక పని చేసేది. అమ్మ చెయ్యి తీసుకుని తన గొంతు మీద పెట్టుకునేది. గొంతు కదిలితే పిల్ల ఏదో చెప్తోందని తెలిసి అమ్మ లేచి దీపం వెలిగించేది. చాలా ఏళ్ళ తర్వాత ఇవాళ మళ్ళీ ఆ పని చేసింది. సూది గుచ్చుకుని గుచ్చుకుని గరుకెక్కిన ఆ వేళ్ళని గొంతు మీద ఆనించుకుని, "అమ్మా" అంది.

అమ్మ కళ్ళు తెరిచింది. ఎర్రగా ఉన్నాయి.

"నా పేరు చెప్పుకుని పారిపోతావా?"

"పారిపోవడమేంటమ్మా? నీ కోసమే..."

"అదే వద్దంటున్నాను. ఊరందరికీ చెవులు పనిచేస్తున్నాయి. నాకున్న రెండూ పనిచెయ్యట్లేదని వాళ్ళందరి నోరూ కొడతావా? రేపు బళ్ళో ఎవరైనా అడిగితే ఏం చెప్తావు? మా అమ్మకి చెవుడు, అందుకని మానేశానని చెప్తావా?"

పెద్దది తల వంచుకుంది. మోటారు పక్కన నాన్న చేతిలో స్క్రూడ్రైవరు ఆగిపోయింది.

"మాట్లాడు," అంది అమ్మ. "తల వంచుకుంటే నాకెలా తెలుస్తుంది?"

అప్పుడు పెద్దది తలెత్తి, ఎవరికీ చెప్పనిది చెప్పింది. మొదటిరోజు స్టూడియోలో గొంతు పెగలక బిగుసుకుపోతే ప్రొడ్యూసరు వచ్చి, కెమెరా వెనక లోకమంతా ఉందనుకోకు, ఒక్క మనిషే ఉందనుకో అన్నాడట. ఆమె అమ్మ ఉందనుకుంది. అంతే. అమ్మకి చెప్పినట్టే నింపాదిగా, పెదవులు పూర్తిగా కదిపి, మొహం నేరుగా పెట్టి చెప్పింది. ఈ పిల్ల మాట ఎంత తేటగా ఉంది అని జనం మెచ్చుకున్నారు. ఎక్కడ నేర్చుకున్నావని అడిగినవాళ్ళకి ఆమె ఏమీ చెప్పేది కాదు.

"కామెంటరీ గదిలో కెమెరా ఉండదమ్మా. అద్దం, అద్దం అవతల మైదానం, అంతే. నువ్వు లేకపోతే నేనెవరికి చెప్పాలి? నాకు నోరు రాదు."

అమ్మ కుర్చీని కూతురి వైపు తిప్పుకుంది.

"ఐతే భయమని చెప్పు," అంది. "భయమేస్తే ఇంట్లో చెప్పుకోవాలి. దానికి నా మీద ప్రేమని పేరు పెట్టి టీవీలో చెప్పకూడదు."

ఆ మాట పెద్దదానికి సూటిగా తగిలింది. చెల్లెలు వంటింటి గుమ్మంలోంచి వెనక్కి తప్పుకుంది.

అమ్మ గొంతు మెత్తబడింది. ఆవిడకి తన గొంతు వినపడదు గనక హెచ్చుతగ్గులు ఎప్పుడూ సరిగ్గా కుదరవు. కానీ మెత్తబడ్డం మాత్రం ఇంట్లో అందరికీ తెలిసింది.

"నీకో సంగతి తెలుసా? ఇదివరకు బయటి కబురేదైనా మీ నాన్న చెప్తేనే నాకు తెలిసేది. ఆయన సగం మింగేసి చెప్తాడు."

"మీసాలు అడ్డమొస్తాయి," అన్నాడు నాన్న నెమ్మదిగా.

"మీసాలు తియ్యమంటే తియ్యడు," అంది అమ్మ, ఆ మాట కూడా పట్టేసి. "ఈ రెండేళ్ళు రోజూ అరగంట, ఎవరి దయా లేకుండా, అందరితో పాటు, అందరికీ తెలిసినప్పుడే నాకూ తెలిసింది. గోలంటే ఏంటో, ఆఫ్‌సైడంటే ఏంటో ఈయనకి నేనే చెప్పాను. ఆ ప్రొడ్యూసరు చల్లగా ఉండాలి. ఆ కెమెరా పట్టుకున్నాయన చల్లగా ఉండాలి. నాకిచ్చింది చాలు. ఇంకా నాకే కావాలని నిన్ను ఆపితే, నేను మనిషినే కాదు."

"ఐతే కామెంటరీకి వెళ్ళమంటావా?"

"అలా అన్నానా? బళ్ళో పిల్లల్ని పరిగెత్తించడం నీకిష్టం. నాకు తెలుసు. అదే కావాలంటే అదే చెయ్యి. నీ సెలవు అయ్యేదాకా, అంటే ఎల్లుండి దాకా, నీ చోటు ఎవరికీ ఇవ్వనని హెడ్మిస్ట్రెస్ ముందే అందిగా. కానీ నీ కోసం వెళ్ళు. నా కోసమని మాత్రం వెళ్ళకు. ఆలోచించుకుని, ఏదైనా సరే, నా మొహం చూసి చెప్పు."

అంతటితో అమ్మ మిషను వైపు తిరిగింది. వీపు తిప్పాక ఈ ఇంట్లో ఎవరూ మాట్లాడరు.

మధ్యాహ్నం బస్సులో పెద్దది కిటికీ పక్కన కూర్చుంది. ముందు సీటులో ఎవరో ఆమెని గుర్తుపట్టి, ఇవాళ్టితో అయిపోతుందటగా అని అడిగారు. ఔనంది. ఓడిపోయినవాళ్ళ పేర్లు కూడా చదివేదానివమ్మా, అది బాగుండేది, అన్నారు వాళ్ళు, దిగిపోతూ.

స్టూడియో ఎప్పట్లాగే చల్లగా, వైర్ల వాసనతో ఉంది. మేకప్ వేసే అక్క ఆమె కళ్ళ కింద చూసి, నిన్న నిద్రపోలేదా అని కూడా అడక్కుండా ఇంకో పూత ఎక్కువ వేసింది. ఒకప్పటి గోల్‌కీపరు ముందే వచ్చి కూర్చున్నాడు. ఆడే రోజుల్లో ఆయన్ని గోడ అని పిలిచేవాళ్ళు. ఇప్పుడు బొజ్జ వచ్చినా ఆ పేరు పోలేదు. ఆమె మాత్రం మర్యాదగా గోడగారూ అంటుంది.

నిన్నటి మాట మా అమ్మ చూసేసిందండీ, అని ఆమె చెప్తే ఆయన కాసేపు బిత్తరపోయాడు. ఆ తర్వాత, ఐతే రెండేళ్ళుగా నేను నీ రాత్రి భోజనానికి తలాడిస్తున్నానా, అని ఒకటే నవ్వు. నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకుని, సంచిలోంచి తన పాత చేతి తొడుగులు తీసి ఆమె ఒళ్ళో పెట్టాడు. అరచేతుల దగ్గర తోలు పగిలిపోయి ఉంది.

"ఆడటం మానేసినరోజు నేనూ ఇంట్లో కూర్చోడానికి భయపడ్డానమ్మాయ్. నువ్వు పక్కన కూర్చోబెట్టుకుని అడగబట్టి, నాకు తెలిసింది నలుగురికీ పనికొచ్చింది. ఇవి ఉంచు."

ప్రొడ్యూసరు వచ్చాడు. మనిషి గట్టివాడు, మాట కరుకు. బడి ఆటలపోటీలకి ముఖ్య అతిథిగా వెళ్ళి, మైకులో డ్రిల్లు టీచరు మూడుకాళ్ళ పందెం చెప్తుంటే తాను కుర్చీ చివరికి జరిగి కూర్చున్నానని, ఆ తర్వాతే ఆమెని పిలిపించానని ఎప్పుడూ చెప్పుకుంటాడు. ఔనా కాదా తేల్చావా అని అడిగాడు.

"ముందు మా అమ్మకి చెప్పాలి సార్. ఆ తర్వాత మీకు."

"పక్కింటికి ఫోన్ చేసి చెప్పించు."

"మొహం చూసి చెప్పమంది. వేరేవాళ్ళ నోటితో వద్దు." కాస్త ఆగి, సిగ్గుపడుతూ అడిగింది. "చివర్లో పేర్లు పోయేటప్పుడు కెమెరా కొంచెం దగ్గరగా పెట్టించండి సార్. ఇంకేం అడగను."

ప్రొడ్యూసరు ఆమెని, గోడగారిని, మళ్ళీ ఆమెని చూశాడు. కెమెరా బాబాయి దూరంగా నిలబడే బొటనవేలు పైకెత్తాడు.

ఆ సాయంత్రం ఇంట్లో అమ్మ ఎప్పటికన్నా ముందుకు జరిగి కూర్చుంది. అంత దగ్గరగా కూర్చుంటే కళ్ళు పోతాయని నాన్న అనబోయి, అమ్మ దగ్గర ఆ మాట అనకూడదని తోచి మింగేశాడు. చెల్లెలు టీవీ పక్కన లైటు వెలుగు తెర మీద పడకుండా తిప్పింది.

పెద్దది రోజూ చెప్పినట్టే చెప్పింది. గెలిచినవాళ్ళు, ఓడినవాళ్ళు, దెబ్బ తగిలి ఆడలేనివాళ్ళు. ఆఖర్న చేతులు బల్ల మీద పెట్టి, ఇన్నాళ్ళూ ఓపిగ్గా విన్నందుకు, ఓడిపోయినవాళ్ళ పేర్లప్పుడు కూడా టీవీ కట్టెయ్యనందుకు అందరికీ దణ్ణం పెట్టింది. నాన్న ముక్కు ఎగపీల్చాడు. అమ్మకి ఆ చప్పుడు వినపడదు గనక ఆయన ఇంకోసారి ధైర్యంగా ఎగపీల్చాడు.

సంగీతం మొదలైంది. పేర్లు కింద నుంచి లేచాయి. కెమెరా దగ్గరికి, ఇంకా దగ్గరికి వెళ్ళి, పెద్దదాని మొహం తెర నిండా నిలిచింది. ఇవాళ ఆమె గోడగారి వైపు తిరగలేదు. నేరుగా చూస్తూ పెదవులు కదిపింది.

అమ్మ పెదవులు కూడా చప్పుడు లేకుండా కదలసాగాయి.

"ఏమంటోంది?" అన్నాడు నాన్న, భుజం తడుతూ. అమ్మ చెయ్యి అడ్డం పెట్టింది.

అమ్మా, నువ్వన్నది నిజం, భయమే. ఈ రెండేళ్ళూ నేను నీతోనే మాట్లాడాను, మిగతావాళ్ళు విన్నారు. నా గొంతు నువ్వెప్పుడూ సరిగ్గా వినలేదు. కానీ దాన్ని తయారుచేసింది నువ్వే. అందరూ మెచ్చుకుంటే నీకు దణ్ణం పెట్టుకున్నాను, పైకి చెప్పలేదు. పొద్దుటి నుంచీ ఆలోచించాను. నీ కోసం కాదు, నా కోసమే ఆలోచించాను. నేను...

అప్పుడు తెర కింద నుంచి ఆఖరి పేరు లేచింది. ఇవాళ ఆఖరి రోజని ఎవరో ముచ్చటపడి దాన్ని మిగతావాటికన్నా పెద్ద అక్షరాలతో వేశారు. ఆ పేరు పెద్దదానిదే. నిండుగా, తెల్లగా, నెమ్మదిగా పైకొచ్చి ఆమె నోటి మీద ఆగింది.

అక్షరాల వెనక పెదవులు కదులుతూనే ఉన్నాయి. అమ్మ తల అటూ ఇటూ వంచింది. లేచి తెర దగ్గరికి వెళ్ళింది. పేరు పైకి జరిగేసరికి పెద్దది చెప్పడం అయిపోయింది. నవ్వుతోంది. తెర నల్లబడింది.

"ఏమంది?" అన్నారు నాన్న, చెల్లెలు, ఇద్దరూ ఆవిడ ముందుకొచ్చి.

"ఏమంటుంది? అసలు ముక్క దగ్గరికి వచ్చేసరికి దాని పేరే దాని నోటికి అడ్డం పడింది."

చెల్లెలికి నవ్వాగలేదు. అమ్మ కూడా నవ్వింది, ఏడుస్తూనే. ఆ తర్వాత కొంగుతో మొహం తుడుచుకుని చెప్పులు వేసుకుంది.

పొద్దువాలాక అమ్మ ఒంటరిగా వీధిలోకి వెళ్ళదు. వెనక నుంచి వచ్చే బండి హారను వినపడదని ఇంటిల్లిపాదికీ బెంగ. నాన్న గబగబా తానూ చెప్పులు వెతుక్కున్నాడు.

"నువ్వాగు," అంది అమ్మ. "నేను దెబ్బలాడటానికి వెళ్ళట్లేదు. వినడానికి వెళ్తున్నాను. ఎదురొచ్చే బళ్ళ వైపే నడుస్తాలే."

నాన్న ఆగినట్టే ఆగి, నాలుగిళ్ళ దూరం ఉంచి వెనకే నడిచాడు. చూడకపోతే అమ్మకి తెలియదుగా.

వీధి దీపాలు అప్పుడే వెలిగాయి. బస్సాగే చోట ఒక దీపం ఉంది. అమ్మ దాని కింద నిలబడి చూసి, వెలుగు ఎక్కడ బాగా పడుతుందో కాలితో వెతికి, ఆ చోటు వదిలేసి పక్కన నిలబడింది. ఒక బస్సు వచ్చి పోయింది. రెండోదాంట్లోంచి పెద్దది దిగింది, చేతిలో ఆ పాత తొడుగులతో. అమ్మని అక్కడ చూసి మెట్టు దగ్గరే నిలబడిపోయింది. అంతలోనే తేరుకుని, చీకట్లోంచే నోరు తెరవబోయింది.

అమ్మ చెయ్యెత్తి ఆపింది.

"వెలుగులోకి రా." పెద్దది వచ్చి, అమ్మ ఖాళీగా ఉంచిన చోట నిలబడింది. "ఇప్పుడు చెప్పు."

పెద్దది తొడుగులు చంకలో పెట్టుకుని, అమ్మ చెయ్యి తీసుకుని తన గొంతు మీద ఆనించుకుంది.